పై అంతస్తు గేటు

కిందటి వారం కోడలిని సర్వీసు లిఫ్టులో వదిలేసి మనం ఎవరి పనుల్లో వాళ్ళం పడ్డాం. పాపం, ఆమె ఇంకా అందులోనే ఉంది.

కొత్తగా వచ్చినవాళ్ళ కోసం నాలుగు మాటలు. ఊరి నడిబొడ్డున, బ్యాంకులకూ సినిమా హాళ్ళకూ మధ్య, పన్నెండు అంతస్తుల ఎర్ర ఇటుక హోటలు. కట్టిన రోజుల్లో ఊరంతటికీ అదే ఎత్తు. ఇప్పుడు చుట్టూ అద్దాల మేడలు లేచి దాన్ని మధ్యలో ఇరికించేశాయి. యజమాని పెద్దాయన, ఆయన భార్య, పోయిన కొడుకు భార్య అయిన మన కోడలు, ఆమె కూతురు పిచ్చుక, నలుగురి కాపురమూ పై అంతస్తులోనే. గదుల పనంతా కోడలి చేతి మీదుగానే నడుస్తుంది. "ఈ సీజన్ అయిపోనీ తల్లీ, తర్వాత నీ ఇష్టం" అంటూ పెద్దాయన రెండేళ్ళుగా ఆమెను కదలనివ్వలేదు. కసిరితే ఎదురు తిరిగేదే, కానీ ఆయన ఎప్పుడూ కసరడు. అదే ఆమె ప్రాణానికొచ్చింది. చివరికి ఎవరికీ చెప్పకుండా వేరే ఊళ్ళో ఒక ఆసుపత్రి లాండ్రీలో ఉద్యోగం చూసుకుంది. రేపు పొద్దున చేరాలి, ఈ సాయంత్రమే బస్సు. బడి అయ్యాక వెనక సందులోంచి తిన్నగా అట్టడుగున ఉన్న లాండ్రీకి రమ్మని పిచ్చుకకు చెప్పింది. తన సంచీని మాసిన దుప్పట్ల బండిలో అడుగున దాచి, సర్వీసు లిఫ్టెక్కింది. రోజూలాగే మాసిన బట్టల కోసం ఎనిమిదో అంతస్తులో ఆపితే, గేటు తీసుకుని అత్తగారు లోపలికొచ్చింది. ఆరో అంతస్తు దాటగానే లిఫ్టు ఉన్నపళంగా ఆగిపోయింది.

ఆ లిఫ్టుకి తలుపు లేదు, ఇనుప జాలీయే. జాలీ అవతల చేతికందే దూరంలో ఇటుక గోడ. వీధి వైపు గోడలకున్న సోకు దీనికి లేదు. ఎవరు చూడొచ్చారులే అనుకుని కట్టినట్టుంది, సిమెంటు సందుల్లోంచి పొంగి అలాగే గట్టిపడిపోయింది. ఒకచోట ఏ మేస్త్రీయో తడి సిమెంటు మీద చెయ్యి ఆన్చాడు కాబోలు, ఐదు వేళ్ళ అచ్చు పడి ఉంది. కోడలు ఆ వేళ్ళ వంకే చూస్తోంది. ఇటు తిరిగితే అత్తగారి మొహం చూడాలి.

చూడకుండానే చెయ్యి చాపి గంట నొక్కింది. సరిగ్గా ఇక్కడే ఆమె తెలివి ఆమె మెడకే చుట్టుకుంది. అది ఆపదలో మోగించడానికి పెట్టిన గంట. పనులు చేతిలోకి తీసుకున్న కొత్తలో, పైవాళ్ళూ కిందివాళ్ళూ కేకలేసుకోవడం చూడలేక ఆ గంటకు ఆమే ఒక పద్ధతి పెట్టింది. ఒకసారి మోగితే మాసిన బట్టలు దిగుతున్నాయని. రెండుసార్లు మోగితే పైకి టీ పంపమని. ఆగకుండా మోగితే ఉతికిన దుప్పట్లు తొందరగా కావాలని. అందరూ భలే ఉందన్నారు. నిజంగా ఆపదొస్తే ఎలా మోగించాలో మాత్రం ఎవరూ అడగలేదు, ఆమె కూడా చెప్పలేదు.

ఆగకుండా నొక్కింది. అట్టడుగు లాండ్రీ నుంచి ఇస్త్రీ బాబాయి గొంతు నిదానంగా పైకొచ్చింది.

"వస్తున్నాయమ్మా, వస్తున్నాయి! దుప్పట్లు ఇంకా పొగలు కక్కుతున్నాయి, కాస్త మడతెయ్యనీ!"

"బాబాయ్, లిఫ్టు ఆగిపోయింది!"

"ఆగితే ఆ తువ్వాలు తీసెయ్యమనండి!"

తువ్వాలు సంగతి కూడా చెప్పుకోవాలి. బండి ఎక్కించుకునేలోగా లిఫ్టును ఇంకెవరూ పిలవకుండా, గదులు సర్దే ఆడవాళ్ళు గేటు సందులో తువ్వాలు మడిచి దోపుతారు. ఏ అంతస్తులో గేటు తెరిచి ఉన్నా సరే, లిఫ్టు ఎక్కడిదక్కడ ఆగిపోతుంది. రోజుకు పదిసార్లు జరిగే భాగోతమే కాబట్టి లిఫ్టు ఆగిందంటే ఆ హోటల్లో ఎవరూ పరిగెత్తుకు రారు. తువ్వాలును తిట్టుకుని పనిలో పడతారు.

"తువ్వాలు కాదు బాబాయ్!" అని అరిచింది కానీ అప్పటికే కింద బట్టలుతికే మిషను హోరు మొదలైంది. ఫోను తీసి చూస్తే, ఆ ఇటుకల మధ్య సిగ్నలు ఒక్క గీత కూడా లేదు.

"అరిచింది చాలు, ఇటు తిరుగు," అంది అత్తగారు.

కోడలు తిరిగింది. అత్తగారు బండి అంచు మీద తీరిగ్గా కూర్చుని ఉంది. అతిథుల లిఫ్టులో, అద్దంలో జుట్టు చూసుకుంటూ తప్ప కిందికి దిగి ఎరగని మనిషి. అలాంటిది ఈరోజే, ఈ లిఫ్టే, ఈ బండి మీదే ఎందుకొచ్చి కూర్చున్నట్టు?

"అత్తయ్యా, అక్కడ కూర్చోకండి. అన్నీ మాసినవి."

"నా మోకాళ్ళకి మాసినవీ ఉతికినవీ ఒకటే. ఇంతకీ బండి తోసుకొచ్చావు కదా, బరువనిపించలేదూ?"

"తడి తువ్వాళ్ళు ఉన్నాయి."

"అబ్బో, ఏం తువ్వాళ్ళమ్మా అవి, చక్రాలు మూలిగేంత!"

అత్తగారు ఒక దుప్పటి కొస పట్టుకుని లాగింది. కోడలు రెండో కొస పట్టుకుంది. ఆ ఇరుకులో, మోచేతులు గోడలకు కొట్టుకుంటుంటే, అత్తాకోడళ్ళు ఒక మాసిన దుప్పటి కోసం కాసేపు పెనుగులాడారు. ఎవరైనా చూస్తే నవ్వేవాళ్ళు. కోడలికి మాత్రం ఏడుపొచ్చింది.

"వదలండి అత్తయ్యా. మీకు దణ్ణం పెడతాను."

"పిచ్చుక స్వెటరు అంచు విప్పి, పొడుగు చేసి అల్లావు," అంది అత్తగారు, దుప్పటి వదలకుండానే. "ఈ ఊళ్ళో ఎప్పుడేడిసింది చలి? నాలుగు రోజులుగా చూస్తున్నాను. అడిగితే దారం వృథా పోతోందన్నావు. అబద్ధమాడటం నీకు చేతకాదే అమ్మాయ్. మీ మావయ్య దగ్గర పెరిగినదానిలాగే తయారయ్యావు."

కోడలి చేతుల్లో పట్టు సడలింది. దుప్పటి జారిపోయింది, దాని కిందిదీ వచ్చేసింది. నీలం సంచీ బయటపడింది. ఇక దాచేదేం లేదు.

"అవును, వెళ్ళిపోతున్నాను," అంది. ఇన్నాళ్ళూ గొంతులో అడ్డం పడి ఉన్న మాట అంత తేలిగ్గా వస్తుందని ఆమే అనుకోలేదు. "మీరు తిట్టినా, కొట్టినా సరే. నాకిక్కడ ఊపిరాడట్లేదు. పిల్ల బడికెళ్ళడం, రావడం, మళ్ళీ పైకెక్కడం. దానికి వీధిలో ఆడుకోవడం అంటే ఏంటో తెలీదు. కిటికీ దగ్గర నిలబడితేనే మావయ్యగారు వెనక్కి లాగుతారు. నేనిలాగే ఉండిపోతే అదీ ఇలాగే ఉండిపోతుంది."

అత్తగారు నీలం సంచీని చులాగ్గా ఎత్తి పక్కన పెట్టింది. మళ్ళీ బండిలోకి వంగి, దిండు గలీబుల కింద చెయ్యి పెట్టి, ఆయాసపడుతూ ఇంకో సంచీ పైకి లాగింది. గోధుమరంగు తోలు సంచీ, పిడి దగ్గర కుట్లు ఊడిపోయింది.

కోడలు బెల్లం కొట్టిన రాయిలా నిలబడిపోయింది. ఆ సంచీ అత్తగారిది.

"మధ్యాహ్నం నువ్వు బండిని వరండాలో పెట్టి పిచ్చుక పుస్తకాలు తేవడానికి లోపలికెళ్ళావు చూడూ, అప్పుడు పెట్టాను. ఎనిమిదో అంతస్తులో కర్టెన్లు చూసొస్తానని ఆయనకి చెప్పి ముందే దిగాను. నువ్వెప్పుడొస్తావా అని అక్కడ కళ్ళు కాయలు కాచేలా నిలబడ్డాను."

"మీరు కూడానా అత్తయ్యా?"

"మరేం చెయ్యమంటావ్? నువ్వు డ్యూటీకి పోతే దాన్ని బడి నుంచి తెచ్చేదెవరు? ఆ ఊళ్ళో నీకెవరున్నారు? నన్నొక మాట అడగాలనిపించలేదా నీకు?"

"మీరు ఆపుతారనుకున్నాను."

"అనుకుంటావు. ఈ కొంపలో అందరూ అందర్నీ ఆపేవాళ్ళేగా."

ఆమె కొడుకు హోటలు ముందే, రోడ్డు దాటుతూ బస్సు కింద పడి పోయాడు. ఆ రోజు నుంచి పెద్దాయన గడప దాటలేదు. రోడ్డు చప్పుడు వినపడకుండా పై అంతస్తు కిటికీలన్నీ మూయించాడు. "వాడు పోయింది నాకు మాత్రం తెలీదా? అయినా నాకు గాలి కావాలే. ఒక్క కిటికీ తీద్దామండీ అంటే పసిపిల్లాడిలా ఏడుస్తాడు. ఏడ్చేవాణ్ణి ఏం చెయ్యను, చెప్పు?" అంది అత్తగారు.

కోడలు ఆమె పక్కన బండి అంచు మీద కూలబడింది. ఇద్దరి బరువుకూ చక్రాలు మళ్ళీ మూలిగాయి. ఇద్దరికీ నవ్వొచ్చింది, ఆ నవ్వులోనే కళ్ళు తుడుచుకున్నారు. రెండేళ్ళుగా ఒకే ఇంట్లో తింటూ ఒకరికొకరు కాపలా అనుకున్నవాళ్ళు, తామిద్దరూ ఒకే గదిలో ఖైదీలని ఇప్పుడు తెలుసుకున్నారు. కోడలికి ప్రాణం లేచొచ్చింది.

"సర్లే, ఇంతకీ ఇదెందుకు ఆగింది?" అంది అత్తగారు.

"ఎక్కడో గేటు తీసుంటారు. తువ్వాలు..." అంటూ కోడలు మధ్యలో ఆగిపోయింది. తువ్వాలు పెట్టేది లిఫ్టు తమ అంతస్తులో ఉన్నప్పుడు. లిఫ్టు లేనిచోట గేటు తెరుచుకోదు, గొళ్ళెం దానంతటదే పడిపోతుంది. గొళ్ళెం అరిగిపోయి, లాగితే ఊడొచ్చే గేటు ఈ హోటల్లో ఒక్కటే ఉంది. అది పై అంతస్తులో, వాళ్ళ వాకిట్లోనే.

పైన ఇప్పుడు ఉన్నది ఒక్కడే మనిషి.

ఆ ఆలోచన ఇద్దరికీ ఒక్కసారే వచ్చినట్టుంది, ఇద్దరూ తలెత్తారు. ఎక్కడో పైన స్టూలు నేల మీద ఈడ్చిన చప్పుడైంది. ఆ ఇటుక గొట్టంలోంచి పెద్దాయన గొంతు, పక్కనే ఉండి మాట్లాడుతున్నంత నెమ్మదిగా దిగొచ్చింది.

"అమ్మా, భయపడకు. గేటు తీసింది నేనే."

అత్తగారు చప్పున కోడలి చెయ్యి పట్టుకుని, తను ఉన్నట్టు చెప్పొద్దని తల అడ్డంగా ఊపింది.

"ఎందుకు తీశారు మావయ్యగారూ?" కోడలి గొంతు ఆమెకే కొత్తగా వినపడింది.

"ఆసుపత్రి వాళ్ళు హోటలుకి ఫోన్ చేశారమ్మా. రేపు పొద్దున్నే వచ్చెయ్యాలని నీకు గుర్తు చెయ్యమన్నారు. అందుకే గుర్తు చేస్తున్నాను."

ఎవరైనా ఆ మాట వెటకారంగా అంటారు. పెద్దాయన అలా అనలేదు. ఆయనకు వెటకారమూ రాదు, అబద్ధమూ రాదు. గది ఎలా ఉంటుందండీ అని అడిగిన అతిథికి, కిటికీ తీస్తే పక్క గోడ తగులుతుంది, గాలి రాదు అని చెప్పి పంపేసే మనిషి. ఆయన చెప్పాడంటే అది రాతి మీద గీతేనని హోటలంతా ఒట్టేసి చెబుతుంది.

"నీకు ఏం తక్కువ చేశానో చెప్పమ్మా. నిన్ను కోడలనుకోలేదు. వాడి స్థానంలో చూసుకున్నాను."

"అదే నా బాధ మావయ్యగారూ. నేను ఆయన్ని కాను."

పైన స్టూలు కిర్రుమంది. "వాడు కూడా ఇప్పుడే వస్తా నాన్నా అనే దిగాడు. ఇదే లిఫ్టులో. నేను పేపరు చదువుకుంటూ సరే అన్నాను. ఆ ఒక్క మాట అనకుండా ఉంటే బాగుండేది. ఇంకోసారి సరే అనలేనమ్మా. మీ అత్తయ్యకి ఇంకా ఏమీ చెప్పలేదు. తెలిస్తే తట్టుకోలేదు."

తోలు సంచీ ఒళ్ళో పెట్టుకున్న అత్తగారు చేత్తో నోరు మూసుకుంది.

"చీకటి పడేదాకా ఇలాగే కూర్చోగలను, కానీ నిన్ను అలా బాధపెట్టను," అన్నాడు పెద్దాయన. "గేటు వేసేస్తాను. నేను బటను నొక్కను. నీ అంతట నువ్వే పైకి రా. పిచ్చుక నా దగ్గరే ఉంది."

కోడలు జాలీ పట్టుకుని తల పైకెత్తింది. "అదెప్పుడొచ్చింది?"

"బడి ముందే వదిలేశారట. ముందు గుమ్మంలోంచి వచ్చేసింది. నా ఒళ్ళో పడుకుని నిద్రపోతోంది. నువ్వొచ్చి ఎత్తుకో."

పైన గేటు మూసిన చప్పుడు గోడల వెంట జారుకుంటూ వచ్చింది. లిఫ్టులో దీపం ఒకసారి రెపరెపలాడి నిలబడింది. ఆ లిఫ్టుది మొండి బుద్ధి. మధ్యలో ఆగితే పాత అంకె మరిచిపోతుంది, మళ్ళీ ముందు ఏ అంకె నొక్కితే అక్కడికే పోతుంది, చేరేదాకా ఇంకెవరి మాటా చెవిన వేసుకోదు. అత్తగారు అప్పటికే లేచి లాండ్రీ బటను మీద వేలు పెట్టింది.

"కిందికి పోయి చూద్దాం. అక్కడుందేమో."

"లేకపోతే?" కోడలు ఆ వేలు పట్టుకుంది. "మళ్ళీ ఆయన గేటు తీసి కూర్చుంటే? అత్తయ్యా, మావయ్యగారు అబద్ధమాడతారా?"

అత్తగారి పెదవులు కదిలాయి. ఆడతాడని ఒక్క మాట అంటే చాలు. పెళ్ళయిన నాటి నుంచీ ఆ మనిషితో ఎన్నో పడింది, కానీ ఆ ఒక్క నింద వెయ్యడానికి ఆమెకు నోరు రాలేదు.

"ఆడరు," అంది. వేలు దానంతటదే పక్కకు జరిగింది.

కోడలు పన్నెండు నొక్కింది.

లిఫ్టు కుదుపుతో పైకి లేచింది. మేస్త్రీ వేళ్ళ అచ్చు కిందికి పోయింది. ఆరో అంతస్తు వెలుగు జాలీలోంచి వచ్చి వెళ్ళింది. కింద మిషను హోరు ఆగింది. అప్పుడు వినపడింది, అట్టడుగు నుంచి, సన్నగా, ఒగరుస్తూ:

"అమ్మా! ఎక్కడున్నావ్? నేనొచ్చేశా! లిఫ్టు పైకెళ్ళిపోతోందేంటి?"

కోడలు పిచ్చెక్కినట్టు లాండ్రీ బటను నొక్కింది. ఆపమని అన్ని అంకెలూ నొక్కింది. గంట కూడా నొక్కింది. "ఇదిగో తెస్తున్నానమ్మా దుప్పట్లు!" అన్నాడు ఇస్త్రీ బాబాయి. లిఫ్టు మాత్రం ఏమీ ఎరగనట్టు ఒక్కో అంతస్తే ఎక్కుతూ పోయింది.

అత్తగారు గోడనే చూస్తోంది. ఆమె మొహంలో కోపం లేదు. ఏళ్ళ తరబడి జాగ్రత్తగా వాడుకున్న వస్తువు చేతిలోనే పగిలితే ఎలా ఉంటుందో అలా ఉంది.

పై అంతస్తు వచ్చింది. గేటు అవతల, స్టూలు పక్కన, పెద్దాయన నిలబడి ఉన్నాడు. రెండు చేతులూ ఖాళీ. కోడలి వెనక భార్య కనబడేసరికి ఆయన మొహంలో నెత్తురు చుక్క లేదు.

అత్తగారు గేటు తీసుకుని బయటికి నడిచింది. వెనక్కి తిరక్కుండానే గేటు మూసి, దానికి వీపు ఆన్చి నిలబడింది.

"పిల్లేదండీ?" అంది భర్తతో.

ఆయన తన ఖాళీ చేతుల వంక చూసుకున్నాడు.

"మీరు అబద్ధమాడరని ఇప్పుడే దీనికి నేను పూచీ ఇచ్చాను." తర్వాత గొంతు పెంచకుండానే, "అమ్మాయ్, నువ్వు దిగు. ఈ గేటు ఎవరు తీస్తారో నేను చూస్తాను," అంది.

"మీ సంచీ ఇక్కడే ఉంది అత్తయ్యా. మీరు కూడా..."

"దిగమంటున్నానా! అది ఒక్కతే ఉంది అక్కడ!"

కోడలు లాండ్రీ బటను నొక్కింది. జాలీలోంచి అత్తగారి వీపు, నడుము, చివరికి మడమలు పైకి జరిగి కనుమరుగయ్యాయి. బండిలో రెండు సంచీలూ ఒకదాని మీద ఒకటి ఒరిగి ఉన్నాయి. పది దాటింది, తొమ్మిది దాటింది. కింద గేటు మీద వెలిగే అంకెలను పిచ్చుక పైకే చదువుతోంది, "ఎనిమిదీ! ఏడూ!" అని. దాని గొంతు దగ్గరవుతోంది. ఆరు కూడా దాటింది.

పైన స్టూలు దభీమని పడింది.

లిఫ్టు ఆగిపోయింది. జాలీకి ఎదురుగా, అదే గోడ మీద, అవే ఐదు వేళ్ళు.

"అత్తయ్యా!" అని అరిచింది కోడలు. పై నుంచి ఆమె గొంతూ రాలేదు, ఆయన గొంతూ రాలేదు.

"అమ్మా," అంది పిచ్చుక కింద నుంచి, "ఆరు దగ్గరే ఆగిపోయిందేం?"